ఇంటి అప్పులో ఈఎమ్ఐ చెప్పని లెక్క

హోమ్ లోన్ మాట రాగానే ఎవరైనా అడిగేది "నెలకి ఎంత కట్టాలి?" అనే. అప్పిచ్చేవాళ్లకి కూడా ఈ ప్రశ్నంటేనే ఇష్టం. గడువు కాస్త సాగదీస్తే చాలు, నెల వాయిదా తగ్గి కనిపిస్తుంది, సంతకం అయిపోతుంది. అడగాల్సింది వేరే ఉంది: ఐదేళ్లు కట్టాక అసలులో ఎంత బాకీ మిగులుతుంది? పదేళ్లకి ఎంత? ఈ జవాబు చేతిలో లేకుండా ఇంటి అప్పు ఖరీదు తెలిసిందనుకోవడం భ్రమే.

ఒకటే లెక్క పట్టుకుని చివరిదాకా వెళ్దాం. అప్పు 50 లక్షలు, ఏడాదికి 9 శాతం వడ్డీ, 20 ఏళ్లు, అంటే 240 వాయిదాలు. ఏ దేశపు డబ్బైనా ఫరవాలేదు, నిష్పత్తులు మారవు. నెల వడ్డీ 0.75 శాతం. ఈఎమ్ఐ 44,986. మొత్తం కట్టేది సుమారు 1 కోటి 7 లక్షల 97 వేలు. అందులో వడ్డీ 57.97 లక్షలు.

"తీసుకున్నదానికంటే వడ్డీయే ఎక్కువ" అని ఇక్కడే చాలామంది గుండె పట్టుకుంటారు. కంగారు తర్వాత పడదాం, ముందు ఈ వడ్డీ ఎక్కడ పుడుతోందో చూడాలి.

మొదటి నెల బాకీ 50 లక్షలు. దాని మీద 0.75 శాతం అంటే 37,500. మీరు కట్టిన 44,986లో ముందు ఈ 37,500 వడ్డీకి పోతుంది. మిగిలిన 7,486 మాత్రమే అసలులో తగ్గుతుంది. రెండో నెల బాకీ 49,92,514. వడ్డీ 37,444. అసలుకి 7,542. అంటే నెలకీ నెలకీ తేడా 56. ఇంత నత్తనడకన మొదలవుతుంది కాబట్టే మొదటి ఏడాది 5.4 లక్షలు కట్టినా అసలులో తగ్గేది 93,636.

ఐదేళ్లు నిండేసరికి కట్టింది దాదాపు 27 లక్షలు, బాకీ ఇంకా 44.35 లక్షలు. పదేళ్లకి, అంటే సగం గడువు అయ్యేసరికి, కట్టింది 53.98 లక్షలు. తీసుకున్న అప్పుకంటే ఎక్కువే కట్టేశారు, అయినా 35.51 లక్షలు మిగిలే ఉంది. వాయిదాలో అసలు వాటా వడ్డీ వాటాని దాటేది 149వ నెలలో. అప్పులో సగం తీరేది 168వ వాయిదాకి, సరిగ్గా 14 ఏళ్లకి. మిగిలిన సగం చివరి ఆరేళ్లలో తీరిపోతుంది.

"బ్యాంకు వడ్డీ ముందే లాగేసుకుంటుంది" అని దీన్ని చూసే అంటుంటారు. నిజానికి ముందే లాగడం ఏమీ లేదు. ఏ నెల వడ్డీ ఆ నెల బాకీ మీదే పడుతుంది. మొదట్లో బాకీ పెద్దది కాబట్టి వడ్డీ పెద్దది, అంతే. ఈ చిన్న తేడా అర్థమైతే మిగతా నిర్ణయాలన్నీ తేలికవుతాయి. మీ వడ్డీని నిర్ణయించేవి మూడే: ఎంత బాకీ, ఎంత రేటు, ఎన్ని నెలలు.

ఇక గడువు. అదే 50 లక్షలకి, అదే 9 శాతానికి 15 ఏళ్లయితే ఈఎమ్ఐ 50,713, మొత్తం వడ్డీ 41.28 లక్షలు. 20 ఏళ్లయితే 44,986, వడ్డీ 57.97 లక్షలు. 25 ఏళ్లకి 41,960, వడ్డీ 75.88 లక్షలు. 30 ఏళ్లకి 40,231, వడ్డీ 94.83 లక్షలు. ఒకవేళ 40 ఏళ్లు ఇచ్చేవాళ్లు ఉన్నా ఈఎమ్ఐ 38,568 దగ్గర ఆగుతుంది, వడ్డీ మాత్రం కోటీ 35 లక్షలు అవుతుంది.

ఈ అంకెల్లో ఒక సంగతి గమనించండి. 15 నుంచి 20కి వెళ్తే నెలకి 5,727 తగ్గింది. 30 నుంచి 40కి, పదేళ్లు పెంచినా, తగ్గింది 1,663. ఎందుకంటే ఈఎమ్ఐ ఎంత సాగదీసినా 37,500 కిందకి దిగదు. అది మొదటి నెల వడ్డీ. అంతకంటే తక్కువ కడితే అసలు తరగడం మాట అటుంచి పెరగడం మొదలవుతుంది. కాబట్టి ఏ ఆఫర్ వచ్చినా ముందు అప్పుని నెల వడ్డీ రేటుతో గుణించి చూడండి. ఈఎమ్ఐ ఆ అంకెకి ఎంత దగ్గరగా ఉంటే మీరు అంత అద్దె కడుతున్నట్టు, ఇంటికి కాదు, డబ్బుకి.

ఫ్లోటింగ్ రేటు, అంటే మధ్యలో మారే వడ్డీ ఉన్న అప్పుల్లో ఈ కనీసపు అంకె చేసే హాని అంతా ఇంతా కాదు. రేటు పెరిగినప్పుడు ఈఎమ్ఐ అలాగే ఉంచి గడువు పెంచడం అప్పిచ్చేవాళ్లకి అలవాటు. ఖాతాలోంచి పోయేది ఎప్పటిలాగే 44,986, కాబట్టి ఎవరికీ ఏమీ తెలియదు. పైన చెప్పిన అప్పునే తీసుకుని, మొదట్లోనే రేటు పెరిగిందనుకోండి. 9.5 అయితే 240 వాయిదాలు 269 అవుతాయి. 10 అయితే 315. 10.5 అయితే 413, అంటే 34 ఏళ్ల పైమాటే. 11 అయితే ఆ నెల వడ్డీయే 45,833, మీ ఈఎమ్ఐ దానికే చాలదు, అప్పు ఎప్పటికీ తీరదు. ఒక్క శాతానికి ఆరేళ్లు, రెండు శాతానికి అనంతం.

అదే 10 శాతం దగ్గర గడువు పెంచకుండా ఈఎమ్ఐ పెంచమని అడిగితే 48,251 అవుతుంది, నెలకి 3,265 ఎక్కువ. ఆ 3,265 తప్పించుకున్నందుకు మొత్తం మీద సుమారు 25.5 లక్షలు ఎక్కువ కట్టాల్సి వస్తుంది. రేటు మారినట్టు మెసేజ్ వచ్చినప్పుడల్లా "ఎన్ని వాయిదాలు మిగిలాయి?" అని రాతపూర్వకంగా అడిగి తెలుసుకోవాలి. రేటు తగ్గినప్పుడు కూడా అడగాలి. పెరుగుదల వచ్చినంత చురుగ్గా తగ్గుదల రాకపోవడం ఈ వ్యాపారంలో వింతేమీ కాదు.

"ఫిక్స్‌డ్" అనే మాటని కూడా ఉన్నపళంగా నమ్మకూడదు. అమెరికాలో 30 ఏళ్ల ఫిక్స్‌డ్ అంటే 30 ఏళ్లూ అదే రేటు. కెనడాలో మామూలుగా ఐదేళ్లకే ఒప్పందం, ఆ తర్వాత కొత్త రేటు. మరికొన్ని చోట్ల మొదటి రెండు మూడేళ్లే ఫిక్స్‌డ్, తర్వాత తనంతట తానే ఫ్లోటింగ్ అయిపోతుంది. ఒప్పందంలో "రీసెట్", అంటే రేటు మళ్లీ నిర్ణయించడం, అన్న మాట ఎక్కడుందో వెతకండి.

వడ్డీ ఎంత తరచుగా లెక్కగడతారో కూడా కాగితంలో ఉంటుంది. నెల నెలా తగ్గే బాకీ మీద అయితే పైన చెప్పిన 44,986. అదే ఏడాదికోసారి మాత్రమే బాకీ తగ్గించే పద్ధతి అయితే, పేరుకి అదే 9 శాతం, ఈఎమ్ఐ 45,644. మొత్తం మీద తేడా 1.58 లక్షలు. రోజువారీ లెక్క అయితే మీకు ఇంకాస్త మంచిది, ముఖ్యంగా మధ్యమధ్యలో అదనంగా కట్టేవాళ్లకి.

ఇప్పుడు ముందస్తు చెల్లింపు. ఏడాది పూర్తయ్యాక చేతికి 2 లక్షలు వచ్చాయి, లోన్‌లో కట్టేశారు. ఈఎమ్ఐ మార్చకుండా గడువు తగ్గించమంటే 22 వాయిదాలకి పైగా ఎగిరిపోతాయి, వడ్డీ 8.13 లక్షలు మిగులుతుంది. గడువు అలాగే ఉంచి ఈఎమ్ఐ తగ్గించమంటే అది 43,152కి దిగుతుంది, మిగిలే వడ్డీ 2.18 లక్షలే. ఒకటే 2 లక్షలు, ఒకటే రోజు. ఫారంలో ఏ గడిలో టిక్ పెట్టారన్నదే తేడా. కొన్ని చోట్ల ఏమీ చెప్పకపోతే ఈఎమ్ఐ తగ్గించేస్తారు. ఇంకొన్ని చోట్ల ఆ డబ్బుని అసలులో వేయకుండా రాబోయే వాయిదాలకి అడ్వాన్సుగా పక్కన పెడతారు, అప్పుడు వడ్డీ ఒక్క పైసా తగ్గదు. కట్టిన మర్నాడే స్టేట్‌మెంట్ తీసి బాకీ అసలు సరిగ్గా 2 లక్షలు తగ్గిందా లేదా చూసుకోవాలి.

అదే 2 లక్షలు పదేళ్ల తర్వాత కడితే పదిన్నర వాయిదాలు తగ్గుతాయి, మిగిలేది 2.73 లక్షలు. "చూశారా, ముందు కడితేనే లాభం, తర్వాత దండగ" అంటారు. ఇక్కడ నాకు అభ్యంతరం ఉంది. రెండు సందర్భాల్లోనూ ఆ డబ్బు సంపాదించింది ఏడాదికి 9 శాతమే. మొదటిది 19 ఏళ్లు పనిచేసింది, రెండోది పదేళ్లు. బాకీ ఏ దశలో ఉన్నా ముందస్తు చెల్లింపు మీద రాబడి మీ లోన్ రేటుతో సమానం, పైగా నష్టభయం లేనిది. పదిహేనో ఏట కట్టినా అదే 9 శాతం. కాబట్టి పోల్చాల్సింది "ఎన్నో ఏడు" అని కాదు, ఆ డబ్బుకి పన్ను పోను 9 శాతం కంటే ఖాయంగా ఎక్కువ ఇచ్చే చోటు మరొకటి ఉందా అని. క్రెడిట్ కార్డు బాకీ ఉంటే ముందు అది తీర్చాలి. ఆరు నెలల ఖర్చులకి చేతిలో డబ్బు లేకుండా ఉన్నదంతా లోన్‌లో పోయడం కూడా తప్పే. అసలులో కట్టిన డబ్బు అవసరానికి తిరిగి రాదు.

తిరిగి తీసుకునే వీలు కావాలనుకుంటే ఖాతాకి జోడించిన లోన్‌లు ఉన్నాయి. అందులో పెట్టిన డబ్బు మేరకి వడ్డీ పడదు, కావాలంటే వెనక్కి తీసుకోవచ్చు. రేటు కాస్త ఎక్కువ ఉంటుంది. 0.25 శాతం ఎక్కువ అనుకుంటే 50 లక్షల మీద ఏడాదికి 12,500. అది రాబట్టాలంటే ఆ ఖాతాలో సగటున 1.35 లక్షలు ఎప్పుడూ ఉండాలి. అంతకంటే తక్కువ ఉంచేవాళ్లకి మామూలు లోనే మేలు.

పెద్ద మొత్తాలు రానివాళ్లకి చిన్న పద్ధతి ఒకటుంది. ఏడాదికి ఒక అదనపు ఈఎమ్ఐని 12 భాగాలు చేసి నెల నెలా కలిపి కట్టడం. 44,986 బదులు 48,735. 240 వాయిదాలు 197 అవుతాయి, వడ్డీ 12 లక్షలకి పైగా తగ్గుతుంది.

వ్యతిరేక దిశలో ఏమవుతుందో కూడా చూడాలి. ఏడాది తర్వాత మూడు వాయిదాలు కట్టకుండా వడ్డీని అసలులో కలపమన్నారనుకోండి. మిగిలిన 228 వాయిదాలు 243 అవుతాయి. మూడు ఆపితే పదిహేను పెరిగాయి. ఉద్యోగం పోయినప్పుడు తప్పదు, అది వేరు. "ఇస్తున్నారు కదా" అని తీసుకునే వెసులుబాటు మాత్రం కాదిది.

రేటు తక్కువని లోన్ వేరే చోటికి మార్చుకోవడంలో ఉన్న ఉచ్చు దాదాపు ఎవరికీ కనబడదు. ఐదేళ్లు కట్టారు, 44.35 లక్షలు బాకీ, 15 ఏళ్లు మిగిలాయి. కొత్తవాళ్లు 8.25 శాతానికి ఇస్తామన్నారు, గడువు మళ్లీ 20 ఏళ్లు. ఈఎమ్ఐ 37,792, నెలకి 7 వేలకి పైగా తగ్గింది, ఇంట్లో అందరికీ సంతోషం. లెక్క వేస్తే, పాత చోటే ఉంటే ఇంకా కట్టాల్సింది 80.98 లక్షలు. కొత్త చోట కట్టేది 90.70 లక్షలు. ముప్పావు శాతం రేటు తగ్గి 9.7 లక్షలు ఎక్కువ కట్టడం అంటే ఇదే. గడువు 15 ఏళ్లే ఉంచితే ఈఎమ్ఐ 43,029, మొత్తం మీద 3.5 లక్షలు తగ్గుతుంది. పాత ఈఎమ్ఐ 44,986నే కొత్త చోట కడుతూ పోతే 166 వాయిదాల్లో తీరిపోతుంది, 6.6 లక్షలు మిగులుతుంది. ఇందులోంచి ప్రాసెసింగ్ ఫీజు, లాయర్ ఫీజు, తనఖా రిజిస్ట్రేషన్ ఖర్చులు, పాతచోట ముందస్తు ముగింపు ఛార్జీ ఉంటే అదీ తీసేయాలి. చాలాసార్లు మారడానికి ముందు ఇప్పుడున్న చోటే రేటు తగ్గించమని అడగడం చవక.

ఫీజుల గురించి ఒక మాట. ఒకటిన్నర శాతం, అంటే 75,000 ముందే పోయిందనుకోండి. చేతికి వచ్చింది 49.25 లక్షలే, వడ్డీ కట్టేది 50 లక్షల మీద. 20 ఏళ్లూ ఉంచితే నిజంగా పడే రేటు 9.21 శాతం. ఐదేళ్లకే అమ్మేసో, మార్చేసో లోన్ మూసేస్తే అదే ఫీజు వల్ల 9.4 శాతం పడుతుంది. తక్కువ కాలం ఉంచే లోన్‌కి ఫీజు చూడాలి, ఎక్కువ కాలం ఉంచేదానికి రేటు చూడాలి.

లోన్‌తోపాటు అంటగట్టే బీమా ఇంకో కథ. 1 లక్ష ఏకకాల ప్రీమియం, "చేతి నుంచి ఏమీ కట్టక్కర్లేదు, లోన్‌లోనే కలిపేస్తాం" అంటారు. ఈఎమ్ఐలో పెరిగేది 900. ఇరవై ఏళ్లకి కట్టేది 2.16 లక్షలు. బీమా అవసరమే, సంపాదించేవాళ్లు పోతే అప్పు కుటుంబం నెత్తిన పడకూడదు. కాని విడిగా తీసుకున్న టర్మ్ పాలసీ ధర పక్కన పెట్టి చూడకుండా ఒప్పుకోకండి. ఇంకో తేడా, బాకీతోపాటు కవరేజి తగ్గే పాలసీయా, చివరిదాకా అంతే ఉండేదా అని అడగండి.

పన్ను మినహాయింపు కోసం లోన్ ఉంచుకోవాలనే వాదన గురించి ఎక్కువ చెప్పను. 30 శాతం పన్ను కట్టేవాళ్లు 100 వడ్డీ కట్టి 30 మిగుల్చుకుంటారు, 70 పోతుంది. మినహాయింపుకి పరిమితి ఉంటే అంతకూడా మిగలదు.

ఇప్పుడు ఇందాక వాయిదా వేసిన కంగారు సంగతి. 57.97 లక్షల వడ్డీ అనే అంకె తప్పు కాదు, కాని దాన్ని నేటి డబ్బుతో పోల్చడం తప్పు. ఇరవయ్యో ఏట కట్టే 44,986కి ఇప్పటి 44,986కి ఉన్న కొనుగోలు శక్తి ఉండదు. ధరలు ఏడాదికి 5 శాతం (నెలకి అందులో పన్నెండో వంతు) పెరుగుతాయనుకుని 240 వాయిదాలనీ నేటి విలువలోకి మారిస్తే మొత్తం 68.17 లక్షలు అవుతుంది. అంటే 50 లక్షలు వాడుకున్నందుకు నిజమైన ఖరీదు 18 లక్షల చిల్లర, 58 లక్షలు కాదు. 30 ఏళ్ల లోన్‌ని అలాగే మారిస్తే 74.94 లక్షలు. పైపైన 37 లక్షల దగ్గర కనబడిన తేడా నేటి డబ్బులో 6.8 లక్షలకి దిగింది. 15 ఏళ్లదైతే 64.13 లక్షలు.

కాబట్టి పొడవు గడువు మూర్ఖత్వమేమీ కాదు, ఒక షరతు మీద. మీ ఆదాయం కూడా ధరలతో పాటు పెరగాలి, మిగిలిన డబ్బు నిజంగా ఎక్కడో పనిచేయాలి. 20 బదులు 30 ఏళ్లు తీసుకుని నెలకి మిగిలిన 4,755ని ఖర్చు చేసేస్తే ఈ లెక్క మీకు వర్తించదు. నాకు నచ్చే దారి మధ్యది: ముందస్తు చెల్లింపుకి ఛార్జీ లేని లోన్ అయితే గడువు కాస్త పొడుగ్గా తీసుకోవడం, వీలున్న నెల ఎక్కువ కట్టడం. కష్టకాలంలో తప్పనిసరిగా కట్టాల్సిన అంకె చిన్నదిగా ఉంటుంది. ముందస్తు ఛార్జీ ఉన్న లోన్‌కి ఈ దారి పనికిరాదు.

ఈ లెక్కలన్నీ మీ లోన్‌కి వేసుకోవడానికి ఏ యాప్ అక్కర్లేదు. స్ప్రెడ్‌షీట్‌లో ఐదు గడులు చాలు: నెల, మొదటి బాకీ, వడ్డీ, అసలు, చివరి బాకీ. వడ్డీ అంటే మొదటి బాకీని రేటుతో గుణించి 12తో భాగించడం. అసలు అంటే ఈఎమ్ఐలోంచి వడ్డీ తీసేయడం. చివరి బాకీయే తర్వాతి వరుసకి మొదటి బాకీ. ఆరో గడి ఒకటి ఖాళీగా పెట్టుకుని అదనంగా కట్టినవి అందులో వేయండి, బాకీలోంచి తీసేయండి. ఏడాదికోసారి దీన్ని స్టేట్‌మెంట్ పక్కన పెట్టి సరిచూడండి. పదులో వందలో తేడా వస్తే రోజుల లెక్క వల్ల అయి ఉంటుంది. వేలల్లో తేడా ఉంటే రేటు మారిన తేదీ, అదనపు చెల్లింపు జమైన తేదీ, మధ్యలో పడిన ఛార్జీలు, ఈ వరుసలో వెతికితే దొరుకుతుంది.

ఆఖరి వాయిదా కట్టాక పని అయిపోయిందనుకునేవాళ్లు ఎక్కువ. చివరి నెలలో కొన్ని రోజుల వడ్డీ మిగిలిపోయి ఖాతా తెరిచే ఉండవచ్చు. బాకీ సున్నా అని ముగింపు లెటర్ తీసుకోవాలి, ఇచ్చిన ఒరిజినల్ కాగితాల జాబితా మొదట్లోనే దాచుకుని ఒక్కొక్కటీ సరిచూసి వెనక్కి తీసుకోవాలి, తనఖా నమోదైన చోట దాన్ని రద్దు చేయించాలి. ఆ రద్దు జరగకపోతే పదేళ్ల తర్వాత ఇల్లు అమ్మబోయేటప్పుడు తీరిపోయిన అప్పు రికార్డులో ఇంకా బతికే కనిపిస్తుంది.